గట్టు లోపలి ఊరు

కోనసీమలో మన ఊరి పేరు చెప్పగానే అవతలివాళ్లు ఇంకో మాట అడుగుతారు. గట్టు లోపలా, బయటా?

గట్టంటే ఏటిగట్టు. గోదావరి పొంగితే ఊళ్ల మీద పడకుండా ఏటికి రెండు వైపులా మైళ్ల కొద్దీ వేసిన మట్టికట్ట. బయట ఉన్నవాళ్లకి వరదంటే గట్టెక్కి చూసొచ్చేది. మేం లోపలివాళ్లం. రెండు గట్ల మధ్య గోదావరి ఎక్కడుంటుందో మా ఊరూ అక్కడే ఉండేది. ధవళేశ్వరం దాటాక గోదావరి గౌతమి, వశిష్ఠ పాయలుగా చీలుతుంది కదా, ఆ వశిష్ఠలో, పి.గన్నవరం వైపు మా లంక. నూటయాభై గడప ఉండేది. ఏటి మధ్యలో ఒండ్రు పేరుకుని, రెల్లు మొలిచి, తర్వాత ఎప్పుడో మనుషులు చేరిన నేల అది.

గట్టు బయట ఏ ఊరికి వెళ్లినా కాటన్ దొర విగ్రహం కనిపిస్తుంది. 1852 నాటికి ఆయన ఆనకట్ట పూర్తిచేశాక వచ్చిన కాలువలతోనే ఆ పొలాలు పండుతున్నాయి. ఆ కాలువ మా దాకా రాదు. వాళ్లు గోదావరిని కాలువల్లో పంచుకుని వాడుకున్నారు. మాకు మాత్రం ఆవిడ ఎలా వస్తే అలాగే.

మా ఇల్లు పెంకుటిల్లు. లంకలో ఇళ్లన్నిటికీ పునాదులు ఎత్తు. మా వీధరుగు ఎక్కాలంటే ఏడు మెట్లు. ఆ అరుగు మీద నాలుగు టేకు స్తంభాలుండేవి. వాటిలో మెట్ల పక్కనున్న స్తంభానికి, పెద్దవాళ్లకి నడుమెత్తులో, ఉలితో కొట్టిన అడ్డగీత ఉండేది. దాని పక్కన 53 అని అంకె. 1953 వరదలో నీళ్లు అంతవరకూ వచ్చాయని గుర్తు. పెళ్లయి కాపురానికొచ్చిన కోడళ్లందరికీ మా మామ్మ ముందు ఆ గీత చూపించేదట, తర్వాతే వంటిల్లు.

మాకు మూడు రేవులుండేవి. ఎగువన మంచినీళ్ల రేవు, దాని కింద స్నానాల రేవు, ఇంకా దిగువన పశువుల రేవు. చాకిరేవు కూడా అక్కడే. ఎగువ రేవులో ఎవరూ కాలు కడగకూడదు. చంటిపిల్లలకి కూడా ఆ సంగతి తెలుసు. తెల్లవారకముందే అమ్మా, అత్తయ్యా బిందెలు పట్టుకుని దిగేవారు. ఒడ్డున నీళ్లు ముంచరు. మోకాళ్లు దాటేంత లోపలికి వెళ్లి, పైనున్న నీళ్లని అరచేత్తో పక్కకి తోసి, బిందె వంచేవారు. బిందె నిండేటప్పుడు వచ్చే ఆ గుడగుడ శబ్దం ఇప్పటికీ నాకు తెల్లవారుజాము అనే మాటతోనే వినిపిస్తుంది.

వరద నెలల్లో నీళ్లు ఎర్రగా, చిక్కటి టీ లాగా ఉండేవి. వాటినే తాగేవాళ్లం. మామ్మ రాత్రి పడుకునే ముందు చిల్లగింజ తీసుకుని కుండ లోపలి అంచుకి నాలుగు తిప్పులు అరగదీసేది. తెల్లారేసరికి బురదంతా అడుక్కి దిగి, పైన నీళ్లు తేటగా నిలిచేవి. కదపకుండా ముంచుకోవాలి. నేనెప్పుడూ తొందరపడి గ్లాసు లోతుగా ముంచేదాన్ని. మామ్మ కోప్పడేది కాదు. మళ్లీ గింజ తీసుకుని కూర్చునేది. వేసవిలో ఏరు దూరం జరిగిపోతే ఇసుకలో చెలమ తవ్వేవాళ్లం. రెండు జానెలు తవ్వగానే అడుగు నుంచి నీళ్లు ఊరి, మొదట బూడిద రంగులో ఉండి, రెండుసార్లు తోడి పారబోస్తే అద్దంలా అయిపోయేవి. చెలమ నీళ్లతో వండితే కందిపప్పు ఇట్టే ఉడుకుతుందని మామ్మ నమ్మకం. నిజమో కాదో గానీ, ఆ నెలల్లో ఆవిడ వండిన పప్పు రుచి వేరు.

బడికి పడవ మీదే వెళ్లాలి. ఐదో తరగతి వరకు లంకలోనే, ఆరు నుంచి గట్టు బయట హైస్కూలు. ఏటా రేవు పాట, అంటే పడవ నడిపే హక్కుకి వేలం, జరిగేది. పాట పాడుకున్న ఆయన వేరే ఊళ్లో ఉండేవారు. పడవ నడిపే ఆయన్ని మేం పడవ తాత అనేవాళ్లం. చేతులు గడ పట్టీ పట్టీ తాటిమట్టల్లా ఉండేవి. మామూలు రోజుల్లో పడవ నేరుగా దాటేస్తుంది. నీళ్లు పెరిగితే అలా కుదరదు. తాత, ఇంకో ఇద్దరు కుర్రాళ్లు కలిసి పడవకి తాడు కట్టి ఒడ్డు వెంబడే ఎగువకి అరమైలు పైగా లాగేవారు. అక్కడ వదిలితే, ప్రవాహం కిందికి తోస్తూ ఉంటే, ఏటవాలుగా వచ్చి సరిగ్గా అవతలి రేవులో ఆగేది. ఎంత ఎగువకి లాగాలో తాత నీళ్లని చూసి చెప్పేవాడు. తప్పడం నేను చూళ్లేదు.

ఆ పడవలో వెళ్లనిది లేదు. పాల క్యాన్లు, సైకిళ్లు, మేకలు, సిమెంటు బస్తాలు, మేళగాళ్లతో సహా పెళ్లివారు, ఒకసారి ఎవరింటికో కొత్త టీవీ. ఆ టీవీ పెట్టెని ఇద్దరు మనుషులు పసిబిడ్డని ఎత్తుకున్నట్టు పట్టుకుని కూర్చున్నారు. పరీక్షల రోజుల్లో మాకు టెన్షన్‌గా ఉండేది, పడవ అవతలి ఒడ్డునుంటే ఎలా అని. "ఓ తాతా!" అని అందరం కలిసి అరిస్తే, "ఆయ్, వత్తన్నానమ్మా!" అని నీళ్ల మీద తేలుతూ జవాబొచ్చేది. పురుటి నొప్పులకీ, పాము కాటుకీ అర్ధరాత్రయినా పడవ కదిలేది. దానికి డబ్బులు తీసుకునేవాడు కాదు. ఉగాదికి తాతయ్య ఆయనకి పంచె పెట్టేవారు. కొబ్బరి దింపు అయినప్పుడల్లా పాతిక కాయలు పక్కన తీసి ఉంచేవారు.

పంటల గురించి చెప్పాలంటే అరటి గురించే చెప్పాలి. లంక పొగాకు, మిరప, కంద, కూరగాయలు అన్నీ వేసేవారు గానీ, ఇంట్లోకి డబ్బు వచ్చేది అరటి మీద. కర్పూరం, చక్కెరకేళీ, కూరకి బొంత. గెలలు కోసిన రోజున చీకటితోనే రేవులో సందడి మొదలయ్యేది. గెల గెలకీ మధ్య ఎండాకు వేసి, కాయ ఒరుసుకోకుండా పేర్చి, పడవలో అవతలికి చేర్చి, అక్కణ్ణుంచి లారీ మీద రావులపాలెం మార్కెట్‌కి తీసుకెళ్లేవారు. పడవ అంచు నీళ్లకి జానెడు ఎత్తులో ఉండేది. నాన్న గెలల మీద కూర్చుని వెళ్తూ చెయ్యి ఊపేవారు. సాయంత్రం వచ్చేటప్పుడు ఆయన చేతిలో పకోడీ పొట్లం ఉందంటే ధర బాగా వచ్చినట్టే. అడగక్కర్లేదు.

వేసవిలో మా గోదావరి సగం ఇసుకే. పొద్దున పది దాటితే కాలు పెట్టలేం. టేకాకులు అరికాళ్లకి కట్టుకుని పరుగెత్తేవాళ్లం. ఇసుకలో గోతులు తీసి, పెంట వేసి పుచ్చపాదులు పెట్టేవారు. పాదుల కాపలాకి తాటాకు గుడిసె. రాత్రి అందులో పడుకోవడానికి బాబాయితో వెళ్లేదాన్ని. వెన్నెల రోజుల్లో ఇసుక, నీళ్లు, ఆకాశం ఒకటే రంగులో ఉండేవి. దూరంగా ఎక్కడో పడవ గడ రాయికి తగిలిన చప్పుడు వినిపించేది. తెల్లారి చూస్తే ఇసుక మీద నక్కల అడుగులు. చలికి బాబాయి కండువా కప్పుకుని నిద్రపోయిన ఆ రాత్రులంత నిశ్చింతగా నేను మళ్లీ ఎప్పుడూ నిద్రపోలేదు.

జూలై వస్తే ఎర్రనీరు. నాసిక్ దగ్గర పుట్టి, అన్ని వానలూ కలుపుకుని వచ్చే నీళ్లు. మొదటిరోజు రేవులో దిగి తాతయ్య దోసిట్లో నీళ్లు పట్టుకుని కళ్లకద్దుకునేవారు. ఆ నీళ్లకి ఎదురీదుతూ సముద్రం నుంచి పులసలు వచ్చేవి. ఉప్పునీళ్లలో ఉన్నప్పుడు అది విలస. ఏట్లోకి ఎక్కి ఆ తీపి నీళ్లు తాగాకే పులస అవుతుంది. పుస్తెలమ్మి అయినా పులస తినాలని సామెత ఉన్నా, అప్పట్లో లంకలో పుస్తెల దాకా వెళ్లక్కర్లేదు. వల వేసే ఇంటివాళ్లకి ఓ అరటిగెల ఇస్తే ఓ చేప ఇచ్చేవారు. మామ్మ మట్టి దాకలో, పిడకల సెగ మీద, బెండకాయలు, పచ్చిమిరపకాయలు వేసి పులుసు పెట్టేది. దించే ముందు ఆవకాయ మీద తేలిన నూనె ఓ గరిటె. ఆ రాత్రి మమ్మల్ని ముట్టుకోనిచ్చేది కాదు. మర్నాటికి ముళ్లు కూడా పులుసు పీల్చుకుని మెత్తబడ్డాకే వడ్డించేది. ఇప్పుడు ఒక్కో చేప వేలల్లో పలుకుతోందని పేపర్లో చదువుతుంటే, ఆ దాక చుట్టూ కూర్చున్న ఎనిమిది కంచాలూ గుర్తొస్తాయి.

వరద మాకు ఏటా వచ్చే చుట్టం. తాతయ్య నీళ్ల అంచున ఓ పుల్ల గుచ్చి, రాత్రంతా గంట గంటకీ లాంతరు పట్టుకుని వెళ్లి చూసొచ్చేవారు. పుల్ల మునిగితే ఇంకోటి. రేడియోలో విజయవాడ కేంద్రం వార్తలు వచ్చే సమయానికి అరుగు మీద పదిమంది చేరేవారు. భద్రాచలం దగ్గర ఎన్ని అడుగులు, ధవళేశ్వరంలో ఎన్ని లక్షల క్యూసెక్కులు. ఇప్పుడు ధవళేశ్వరం దగ్గర 10 లక్షలకి మొదటి హెచ్చరిక, 13కి రెండోది, 17కి మూడోది ఇస్తారు. మా తాతయ్యకి ఇవేవీ అక్కర్లేదు. నురగని చూసేవారు. "నురగ, చెత్త ఒడ్డు పట్టుకుని పోతంటే ఏరు ఇంకా పెరుగుద్దమ్మాయ్. నడిమజ్జికి చేరిందంటే తీసేత్తంది" అని నాకు చూపించారు. నేను ఆయన పక్కన కూర్చుని గంటలకొద్దీ నురగని చూసేదాన్ని.

నీళ్లు మెట్లెక్కడం మొదలయ్యాక అందరికీ ఎవరి పని వాళ్లకి తెలుసు. అమ్మ బియ్యం, పప్పులు, అగ్గిపెట్టెలు అటకెక్కించేది. నాన్న పశువుల పలుపులు విప్పేసేవారు. కట్టేసి ఉంటే చచ్చిపోతాయి, వదిలేస్తే ఈది ఎక్కడో ఒకచోట ఒడ్డెక్కుతాయి. కుర్రాళ్లు మాత్రం పైనుంచి కొట్టుకొచ్చే దుంగల్ని తాళ్లేసి పట్టేవారు. ఆడవాళ్లు వద్దని అరుస్తూనే ఉండేవారు, ఆ కట్టెలతోనే ఏడాదంతా వండేవారు.

1986 ఆగస్టు అలాంటిది కాదు.

నేను ఏడో తరగతి. ఆ ఏడాది మాకు జెండా పండగ జరగలేదు. తాతయ్య పుల్లలు గుచ్చడం మానేశారు, గుచ్చిన పుల్ల చూస్తుండగానే మునిగిపోతోంది. భద్రాచలం దగ్గర నీటిమట్టం 75 అడుగులు దాటింది. అక్కడ మూడో హెచ్చరిక ఇచ్చేది 53 అడుగులకే. ధవళేశ్వరం నుంచి 35 లక్షల క్యూసెక్కులు వదిలారని తర్వాత తెలిసింది, అంటే మూడో హెచ్చరికకి రెండింతలు. ఈ అంకెలన్నీ తర్వాత తెలిసినవి. అప్పుడు తెలిసింది ఒకటే. మధ్యాహ్నానికి ఏడు మెట్లూ మునిగాయి.

పడవ తాత మూడుసార్లు తిరిగి ఆడవాళ్లని, పిల్లల్ని గట్టు మీదికి చేర్చాడు. తాతయ్య రానన్నారు. "నేను చూసిన ఏరే కదా, అటకుంది నాకు" అన్నారు. నాన్న, బాబాయి బతిమాలారు. మామ్మ ఏమీ అనలేదు. లాంతరులో కిరసనాయిలు నిండా పోసి, చేతికిచ్చి, పడవెక్కింది.

గట్టు మీద మైళ్ల పొడవునా మనుషులు, గొడ్లు, కోళ్లు, మంచాలు. మాకు తాటాకులతో చిన్న పందిరి వేశారు. మొదటి రాత్రి అవతల, కొబ్బరిచెట్ల మధ్య, మా ఇంటి పైకప్పు దగ్గర చిన్న వెలుగు కనిపించింది. పెంకులు తీసి తాతయ్య లాంతరు బయటికి వేలాడదీశారు. మామ్మ దాన్నే చూస్తూ కూర్చుంది. మధ్యమధ్య "ఉంది" అనేది, ఎవరికి చెబుతోందో తెలియకుండా. రెండో రాత్రి కూడా కాసేపు కనిపించింది. తర్వాత కనిపించలేదు. మామ్మ "కిరసనాయిలు అయిపోయుంటుంది" అంది. అదే మాట తెల్లారేలోగా చాలాసార్లు అంది. దిగువన ఎక్కడో గట్టుకి గండి పడిందని కబురొచ్చింది. గట్టు బయట ఊళ్లు కూడా మునిగాయని విని మాకు అప్పుడే మొదటిసారి నిజమైన భయం వేసింది. గట్టు కూడా తెగుతుందని మేం ఎప్పుడూ అనుకోలేదు.

తెల్లారాక పడవ తాత, బాబాయి వెళ్లారు. ఎగువకి ఎంత దూరం లాగారో చూడలేకపోయాను, వాన. మధ్యాహ్నం దాటాక పడవలో ముగ్గురు కనిపించారు. తాతయ్య ఒడ్డున దిగి, ముందు మా గేదె గురించి అడిగారు. అది అంతకుముందు రోజే ఈదుకుంటూ వచ్చి గట్టెక్కింది. మామ్మ ఆయనతో ఏమీ మాట్లాడకుండా తుండుగుడ్డ తీసుకుని తల తుడిచింది. ఆయన తల ఆవిడ తుడవడం నేను చూడటం అదొక్కసారే.

నీళ్లు తీశాక ఇంటికి వెళితే, వీధిగుమ్మం నుంచి పెరటి దాకా మోకాలి లోతు ఒండ్రు. బిందెలు, పుస్తకాలు, పాములు, చచ్చిన కోళ్లు అన్నీ అందులోనే. పది రోజులు పారలతో ఎత్తిపోశాం. ఆ వాసన ఎన్నిసార్లు కడిగినా బట్టల్లోంచి పోలేదు. స్తంభం మీద బురద మరక 53 గీత కంటే జానెడున్నర పైన ఉంది. తాతయ్య ఉలి తెప్పించి ఆ మరక మీద గీత కొట్టారు. పక్కన 86 అని నాచేత సుద్దముక్కతో రాయించి, దాని మీదే చెక్కారు. 8 గుండ్రంగా రాలేదు.

ఆ ఒండ్రులో తర్వాతి ఏడాది వేసిన కందకి దుంపలు అంతంత లావున ఊరాయి. నాన్న ఒక్కోటి ఎత్తి చూపిస్తూ ఏడ్చినంత పని చేశారు.

వరదని తట్టుకున్నాం, 1996 నవంబరు తుపానులో సగం కొబ్బరిచెట్లు పోయినా తట్టుకున్నాం. తట్టుకోలేనిది కోత. వరద వచ్చి వెళ్లిపోతుంది. కోత అలా కాదు, ఎండ కాస్తున్నప్పుడు కూడా జరుగుతుంది. ఏరు ఒడ్డు అడుగున ఇసుకని తొలిచేస్తుంది. పైన నేల బాగానే ఉన్నట్టు కనిపిస్తుంది. ఒకరోజు పెద్ద ముక్క విరిగి, చెట్టుతో సహా నీళ్లలోకి కూర్చుంటుంది. ఆ శబ్దం ఇంట్లోకి వినిపించేది. అన్నం తింటున్న తాతయ్య చెయ్యి ఆపి, "ఏ చెట్టూ?" అనేవారు. ఆయన నాటిన చెట్లన్నిటికీ వయసు తెలుసు ఆయనకి. ఇవతల కోసిన మట్టిని ఏరు కిందికి తీసుకెళ్లి ఇంకెక్కడో మేట వేస్తుంది. మా అరటితోట ఇప్పుడు ఎవరి లంకలో ఉందో.

తాతయ్య 2001లో పోయారు. ఆయన పోయేనాటికి ఏరు పెరటి చింతచెట్టు దాకా రాలేదు. 2006 వరద తర్వాత చింతచెట్టు పోయింది. మరుసటి వేసవిలో నాన్న, బాబాయి ఇల్లు విప్పించారు. లంకలో అదో పద్ధతి, ఏరు తీసుకునేలోపు మనమే తీసుకోవాలి. పెంకులు, దూలాలు, తలుపులు, కిటికీలు, స్తంభాలు, అన్నీ అరటిగెలల్లాగే పేర్చి పడవలో అవతలికి తెచ్చారు. నేను హైదరాబాద్ నుంచి వచ్చేసరికి అరుగు ఒక్కటే మిగిలింది. పైకప్పు లేని అరుగు మీద మామ్మ కూర్చుని ఉంది. "మీ తాత ఈ ఏడు మెట్లూ ఎక్కించి నన్ను తెచ్చారు" అంది. తర్వాత తనే లేచి, మెట్లు దిగి, రేవుకి నడిచింది. ఏడాదిన్నరకి ఆ చోటు ఏట్లో కలిసింది.

నూటయాభై గడపల్లో ఇప్పుడు ముప్పై కూడా లేవు. ఉన్నవాళ్లు ఇప్పటికీ పడవ మీదే వస్తున్నారు. 2022 జూలైలో భద్రాచలం దగ్గర మళ్లీ 71 అడుగులు దాటిందని టీవీలో చూసి, రాత్రంతా బాబాయికి ఫోన్ చేస్తూనే ఉన్నాను. ఆయన గట్టు బయటే ఉన్నారు, ఇబ్బంది లేదు. అయినా ప్రతిసారీ నేను అడిగిందొకటే. "బాబాయ్, నురగ ఎటుంది?" ఆయన టార్చిలైటు పట్టుకుని గట్టెక్కి చూసొచ్చి చెప్పేవారు. మూడో రోజు పొద్దున ఆయనే ఫోన్ చేశారు. "నడిమజ్జికొచ్చిందమ్మా, పడుకో."

ఆ టేకు స్తంభం బాబాయి కట్టుకున్న డాబా ఇంటి వరండాలో ఉంది. డాబాకి స్తంభం అవసరం లేకపోయినా ఆయన దాన్ని గోడకి ఆనించి నిలబెట్టించారు. మొన్న సంక్రాంతికి వెళ్లినప్పుడు ఆయన మనవరాలు, నాలుగేళ్ల పిల్ల, దానికి వీపు ఆనించి నిటారుగా నిలబడింది. నెత్తి మీద అరచెయ్యి పెట్టి, అలాగే తిరిగి చూసుకుని, నన్ను పిలిచింది. 53కి ఇంకా రెండు వేళ్లు తక్కువుంది.